రెండు గెలుపులు, ఎనిమిది ఓటములు

కుటుంబ పత్రికలో ఆటల సంగతి ఎందుకని మీలో కొందరు అనుకోవచ్చు. అందులోనూ ఇది మన పల్లెల్లో ఎవరూ ఆడని ఆట. గెలిచిన జట్టు కథ అయితే, పోనీ యౌవనస్థులకు ప్రోత్సాహంగా ఉంటుందిలే అని సరిపెట్టుకోవచ్చు. మేము చెప్పబోయే జట్టు 1971వ సంవత్సరంలో పది ఆటలు ఆడి ఎనిమిదింటిలో ఓడిపోయింది. ఒక ఆటలోనైతే ఎదుటివారికి 66 పాయింట్లు వస్తే వీరికి వచ్చినవి ఆరు. అయినా ఆ ఊరివారు ఆ సంవత్సరాన్ని ఈనాటికీ తలుచుకుంటున్నారు. ఎందుకు తలుచుకుంటున్నారో చెప్పాలంటే ముందు ఆ ఊరి సంగతి, ఆ ఆట సంగతి చెప్పాలి.

అమెరికా దేశంలో వెస్ట్ వర్జీనియా అని ఒక రాష్ట్రం ఉంది. అంతా కొండలు, బొగ్గు గనులు. ఆ రాష్ట్రపు పడమటి అంచున ఒహైయో నది ఒడ్డున హంటింగ్టన్ అనే పట్టణం ఉంది. రైలు మార్గం కోసం 1871లో పుట్టిన ఊరు అది. రైలు కంపెనీ యజమాని పేరే ఊరికీ పెట్టారు. మార్షల్ విశ్వవిద్యాలయం ఉన్నది అక్కడే. ఆ విద్యాలయం ఊరికంటే పాతది, 1837లో చిన్న పాఠశాలగా మొదలైంది.

ఇక ఆట. దాన్నీ వాళ్లు ఫుట్‌బాల్ అనే అంటారు గాని, మన పిల్లలు కాలితో తన్నే ఆట కాదది. బంతి గుండ్రంగా ఉండదు, కోలగా ఉంటుంది. దాన్ని చంకలో ఇరికించుకుని పరుగెత్తవచ్చు, ముందుకు విసరవచ్చు. పక్కకు పదకొండు మంది. ఎదుటివాళ్లు మీదపడి పట్టి కింద పడేస్తారు. కబడ్డీలో కూతకు వచ్చినవాణ్ణి పట్టినట్టే అనుకోండి. కాకపోతే ఇక్కడ తలకు గట్టి శిరస్త్రాణం, భుజాలకు మెత్తలు కట్టుకుని ఢీకొంటారు. బంతిని ఎదుటివారి గీత దాటిస్తే 6 పాయింట్లు. రెండు గుంజల మధ్యగా తన్ని పంపితే 3. అమెరికా చిన్న పట్టణాల్లో శనివారం వచ్చిందంటే కాలేజీ ఆట ఊరందరి పండుగ. డాక్టరు, దుకాణదారు, కార్ఖానా కూలీ ఒకే బల్ల మీద కూర్చుని చూస్తారు. మార్షల్ జట్టును థండరింగ్ హెర్డ్ అంటారు, ఉరుముల చప్పుడుతో పరుగెత్తే అడవి దున్నల మంద అన్నమాట. వాళ్లది ఆకుపచ్చ రంగు.

1970 నవంబరు 14, శనివారం. ఆ జట్టు నార్త్ కరోలినా రాష్ట్రానికి వెళ్లి ఈస్ట్ కరోలినా జట్టుతో ఆడి 17-14 తేడాతో ఓడింది. మామూలుగా వాళ్లు దగ్గర ఊళ్లకు బస్సుల్లో వెళ్లి వచ్చేవారు, విమానం ఎక్కడం అరుదు. ఆ రోజు ఒక విమానాన్ని అద్దెకు తీసుకున్నారు. ఆటగాళ్లతోపాటు ఊరి పెద్దలకూ అందులో చోటు దొరికింది. సాయంత్రం హంటింగ్టన్ దగ్గర వాన, మంచు. దిగవలసిన స్థలానికి ఇంచుమించు ఒక మైలు దూరంలో కొండమీది చెట్లకు తగిలి విమానం కూలిపోయింది. అందులో ఉన్న 75 మందిలో ఒక్కరూ మిగల్లేదు. ఆటగాళ్లు 37 మంది. శిక్షకులు, వారి సిబ్బంది ఎనిమిది మంది. జట్టును అభిమానించి వెంట వెళ్లిన ఊరివారు 25 మంది. మిగిలినవారు విమాన సిబ్బంది. ప్రధాన శిక్షకుడు రిక్ టాలీ వయస్సు ముప్పై ఏళ్లే.

విచారణ జరిపిన ప్రభుత్వ సంస్థ, రన్‌వే కంటికి కనబడకముందే విమానం ఉండవలసిన ఎత్తుకంటే కిందికి దిగిపోయిందని తేల్చింది. ఎందుకు దిగింది? ఎత్తు చూపే పరికరం తప్పు చూపిందా, పరికరాలను వాడుకోవడంలో పొరపాటు జరిగిందా? అది మాత్రం నిశ్చయంగా చెప్పలేకపోయింది.

ఊరివారైన ఆ 25 మందిలో వైద్యులున్నారు, నగర కౌన్సిల్ సభ్యుడున్నాడు, రాష్ట్ర శాసనసభ్యుడున్నాడు. కొందరు దంపతులుగా వెళ్లారు. తల్లినో తండ్రినో పోగొట్టుకున్న పిల్లలు డెబ్బై మంది అని లెక్క. ఇద్దరినీ పోగొట్టుకుని పూర్తిగా దిక్కులేనివారైనవారు పద్దెనిమిది మంది. ఆ వారమంతా ఆ ఊరి చర్చిలలో భూస్థాపన కూటాల మీద భూస్థాపన కూటాలు. ఒక పెట్టె దించి ఇంటికి రాకముందే ఇంకో ఇంటి పిలుపు వచ్చేది. కాపరులమైన మాకు ఒక్క దినంలో రెండు భూస్థాపనలు జరిగితేనే రాత్రి నిద్ర పట్టదు. ఆ ఊరి కాపరులు ఆ వారం ఎలా నిలబడ్డారో ఊహించలేం.

ఆరుగురు ఆటగాళ్ల దేహాలు ఎవరివో గుర్తుపట్టడానికి వీలులేకపోయింది. వారిని ఊరికి ఎగువన ఉన్న స్ప్రింగ్ హిల్ సమాధుల తోటలో పక్కపక్కన ఉంచారు. ఏ సమాధి ఎవరిదో ఏ తల్లికీ తెలియదు. ఆ జట్టులో తెల్లవారూ నల్లవారూ కలిసి ఆడారు. టస్కలూసా అనే ఊరి నుంచి నలుగురు నల్లజాతి కుర్రవాళ్లు అంత దూరం వచ్చి ఆ జట్టులో చేరారు. ఎందుకు వచ్చారో తెలుసా? వాళ్ల సొంత ఊళ్లోనే అలబామా విశ్వవిద్యాలయం ఉంది, దేశమంతా పేరుమోసిన జట్టు ఉంది. కాని 1971 దాకా ఆ జట్టు తరఫున నల్లజాతి ఆటగాడు ఒక్కడూ పోటీలో ఆడలేదు. ఊళ్లో బావి ఉండగా పక్క ఊరికి నీళ్లకు వెళ్లడమంటే ఏమిటో మన పెద్దలకు వేరే చెప్పనక్కరలేదు. ఆ నలుగురూ ఆ విమానంలోనే చనిపోయారు.

ఇప్పుడు విమానం ఎక్కనివారి సంగతి. ఆ రోజుల్లో అమెరికా కాలేజీల్లో ఒక నియమం ఉండేది. మొదటి సంవత్సరం విద్యార్థులు ప్రధాన జట్టులో ఆడకూడదు, వారి ఆటలు వేరు. అందుచేత వాళ్లు ఆ ప్రయాణంలో లేరు. నేట్ రఫిన్ అనే ఆటగాడు చేతికి దెబ్బ తగిలి ఊళ్లోనే ఆగిపోయాడు. ఎడ్ కార్టర్ అనే అతడు తండ్రి భూస్థాపనకు టెక్సాస్ వెళ్లి ఉన్నాడు. రెడ్ డాసన్ అనే సహాయ శిక్షకుడు, మరొకతను కొత్త ఆటగాళ్లను వెతకడానికి కారులో బయలుదేరారు. దుర్వార్త వాళ్లకు కారు రేడియోలో తెలిసింది. ఆ రెండో అతను ఆటకు వెళ్లేటప్పుడు అదే విమానంలో వెళ్లాడు. తిరుగు ప్రయాణంలో అతని చోటులో కూర్చున్నది డీక్ బ్రాకెట్ అనే మరో శిక్షకుడు.

ఇక్కడ కాపరులమైన మాకు ఒక శోధన ఎదురవుతుంది. ఎడ్ కార్టర్ తరువాత సువార్తికుడయ్యాడు. ఇంకేం, ప్రసంగం సిద్ధమైపోయింది! దేవుడు తన సేవకుణ్ణి ఎలా తప్పించాడో చూశారా అని చేయెత్తి చెప్పడమే తరువాయి. ఆ సహోదరుడు తన జీవితాన్ని దేవునికి అప్పగించుకున్నందుకు మేమూ స్తుతిస్తాము. కాని ఆ ప్రసంగం మేము చేయలేము. ఎందుకో దాచకుండా చెబుతాము.

కొన్నేళ్ల కిందట మేము సేవ చేస్తున్న గ్రామాల్లో ఒకదాని నుంచి పెళ్లికి వెళ్తున్న ట్రాక్టరు కాలువగట్టు మీద తిరగబడింది. ముగ్గురు చనిపోయారు, అందులో ఒకడు పందొమ్మిదేళ్ల కుర్రవాడు. తరువాతి ఆదివారం ఆరాధనలో ఒక సహోదరుడు లేచి సాక్ష్యం చెప్పాడు. ఆ పొద్దున జ్వరం రాబట్టి ట్రాక్టరు ఎక్కలేదని, దేవుడు తనను ప్రేమించి ఆపాడని. మేము వేదిక మీద నుంచి గట్టిగా "హల్లెలూయ" అన్నాము. సంఘమంతా అంది. ఆరాధన అయ్యాక అందరూ వెళ్లిపోయారు. వెనుక చాప మీద ఆ కుర్రవాడి తల్లి ఒక్కతే కూర్చుని ఉంది. దగ్గరికి వెళ్లాము. "అయ్యగారూ, ఆయన్ని దేవుడు ప్రేమించి ఆపాడు, సరే. మా వాణ్ణి ఎందుకు ఎక్కనిచ్చాడు?" అని అడిగింది. కోపంగా అడగలేదు. తెలుసుకోవాలని అడిగింది. వేదాంత పాఠశాలలో చదివినదేదీ ఆ సమయానికి మా నోటికి రాలేదు. రాకపోవడమే మేలైందని ఇప్పుడు అనిపిస్తుంది.

సిలోయములో గోపురం కూలి పద్దెనిమిది మంది చనిపోయిన సంగతి లూకా సువార్త పదమూడో అధ్యాయంలో ఉంది. చనిపోయినవారు మిగిలినవారికంటే ఎక్కువ పాపులని తలంచవద్దని ప్రభువు స్పష్టంగా చెప్పాడు. ఆ మాటను మనం ఒక పక్కకే చదువుతాము. చనిపోయినవారు ఎక్కువ పాపులు కాకపోతే, మిగిలినవారు ఎక్కువ ప్రియులనీ చెప్పడానికి లేదు కదా. మిగిలినవాడు కృతజ్ఞత చెప్పవచ్చు, చెప్పాలి. కాని పక్క వరుసలో ఎవరు కూర్చున్నారో చూసి చెప్పాలి.

హంటింగ్టన్‌లో మిగిలినవారిని చూస్తే, తప్పించుకున్నామన్న ఆనందం వారిలో ఏమీ కనబడదు. రఫిన్ స్నేహితుల దేహాలను గుర్తుపట్టే పనిలో సాయపడ్డాడు. అప్పటికి అతడు ఇంకా విద్యార్థే. డాసన్ వయస్సు ఇరవై ఏడు. ఆ జట్టులో చాలామందిని ఇంటింటికీ వెళ్లి, తల్లిదండ్రులతో మాట్లాడి తీసుకువచ్చింది ఆయనే. మీ అబ్బాయిని మేము చూసుకుంటామమ్మా అని చెప్పి తెచ్చిన పిల్లలు. వారు పోయారు, తాను మిగిలాడు. చాలా సంవత్సరాలపాటు ఆయన దీని గురించి నోరు విప్పలేదు.

ఆ సంవత్సరం మిగిలిన ఒక్క ఆటను రద్దు చేశారు. ఇక ఈ ఊళ్లో ఫుట్‌బాలే వద్దు అన్న ఆలోచన వచ్చింది. అప్పటి తాత్కాలిక అధ్యక్షుడు డొనాల్డ్ డెడ్మన్ ముందుకు ఆ ప్రశ్న వచ్చింది. జట్టు లేదు, శిక్షకుడు లేడు, ఆటల శాఖ అధిపతి కూడా ఆ విమానంలోనే పోయాడు. పైగా, చనిపోయిన పిల్లలు ఆడిన మైదానంలో మళ్లీ బంతి పట్టడం చచ్చినవారిని అవమానించడమే కదా అన్నది కొందరి బాధ. అది తేలికగా కొట్టివేసే మాట కాదు. కాని విద్యార్థులు, ఊరివారు, ముఖ్యంగా రఫిన్ వంటి మిగిలిన ఆటగాళ్లు, ఆడతామని పట్టుబట్టారు. చివరికి డెడ్మన్ ఒప్పుకున్నాడు.

అదే 1970 అక్టోబరు 2న కొలరాడో కొండల్లో విచిటా స్టేట్ అనే మరో విశ్వవిద్యాలయపు జట్టు ప్రయాణించే రెండు విమానాల్లో ఒకటి కూలి 31 మంది మరణించారు. అక్కడ మిగిలిన ఆటగాళ్లు ఓటు వేసుకున్నారు. 76 మంది ఆడతామన్నారు, ఒక్కడు వద్దన్నాడు. అదే నెలలో మైదానంలోకి దిగి మొదటి ఆటలో 62-0తో ఓడిపోయారు. ఆ వద్దన్న ఒక్కడి గురించి మేము తరచు ఆలోచిస్తాము. అతడు చెప్పినది తప్పని మేము అనలేము.

మన ఇళ్లలోనూ ఇదే తగవు వస్తుంది. మరణం జరిగిన ఇంట ఆ యేడు పండుగ చేయరాదని, కొత్తబట్టలు కట్టరాదని మనవారిలో చాలామందికి పట్టింపు. ఇందాక చెప్పిన ట్రాక్టరు ప్రమాదం జరిగిన యేడు క్రిస్మస్‌కు కేరల్స్ తీయాలా వద్దా అని సంఘ పెద్దలు రెండుగా చీలిపోయారు. మూడు ఇళ్లలో ఏడుపు ఉండగా వీధుల్లో పాటలా అని ఒకరు, క్రీస్తు పుట్టుకను ఎలా ఆపుతాము అని ఇంకొకరు. పైగా ఆ చనిపోయిన కుర్రవాడే ఏటా డోలక్ వాయించేవాడు. చివరికి డోలక్ లేకుండా నెమ్మదిగా పాడుకుంటూ తిరుగుదామని తీర్మానించాము. అతని తల్లి ఇంటి ముందుకు వచ్చేసరికి పిల్లల గొంతులు పెగల్లేదు. నక్షత్రం పట్టుకున్నవాడు తల దించుకున్నాడు. ఆమె తలుపు తీసి, "డోలక్ ఏదిరా?" అంది. ఎవరూ పలకలేదు. లోపలికి వెళ్లి, గోడకు తగిలించి ఉన్న కొడుకు డోలక్ తెచ్చి, అందరిలో చిన్నవాడి మెడలో వేసి, "వాయించు నాన్నా" అంది. ఆ పిల్లవాడికి సరిగా రాదు. తాళం తప్పింది, పాట వెనకబడింది, మళ్లీ అందుకున్నాము. ఆమె గుమ్మంలో నిలబడి చివరిదాకా విన్నది.

తాళం రాని చేతులతో మొదలుపెట్టడమంటే ఏమిటో హంటింగ్టన్‌వారికి బాగా తెలుసు. ముందు శిక్షకుడే దొరకలేదు. ఒకాయన ఒప్పుకుని రెండు రోజులకే మానుకుని వెళ్లిపోయాడు. అతణ్ణి నిందించలేము. తరువాత 1971 మార్చిలో జాక్ లెంగెల్ అనే ఆయన వచ్చాడు. ఒహైయోలో వూస్టర్ అనే చిన్న కాలేజీ శిక్షకుడు, పెద్ద పేరున్నవాడేమీ కాదు. డాసన్ ఒక్క సంవత్సరానికని మాట ఇచ్చి ఆయన పక్కన నిలబడ్డాడు.

ఆటగాళ్లు ఏరీ? ప్రధాన జట్టులో విమానం ఎక్కనివారు వేళ్లమీద లెక్కపెట్టదగినంత మంది. మొదటి సంవత్సరం పిల్లలను ఆడించడానికి జాతీయ కాలేజీ క్రీడా సంఘం ఈ జట్టుకు ప్రత్యేకంగా అనుమతినిచ్చింది. ఇతర ఆటలు ఆడేవారినీ, ఎన్నడూ ఈ మైదానం తొక్కని విద్యార్థులనూ పిలిచారు. బంతిని గుంజల మధ్యకు తన్నడానికి వచ్చిన బ్లేక్ స్మిత్ అంతకుముందు మనకు తెలిసిన కాలిబంతి ఆట ఆడినవాడు. ఈ పిల్లలకు యంగ్ థండరింగ్ హెర్డ్ అని పేరు వచ్చింది. లేత దూడలన్నమాట.

లెంగెల్ అలవాటైన ఆట తీరు ఈ లేత పిల్లలకు కుదరలేదు. అప్పుడాయన అదే రాష్ట్రంలోని పెద్ద విశ్వవిద్యాలయమైన వెస్ట్ వర్జీనియా శిక్షకుడు బాబీ బౌడెన్ దగ్గరకు వెళ్లాడు. ఆటల లోకంలో తమ ఎత్తుగడలను ఎవరూ పొరుగువాడికి చూపరు. మన ఊళ్లో విత్తనం దాచుకున్నట్టు దాచుకుంటారు. బౌడెన్ మాత్రం తలుపులు తెరిచి, తమ ఆటల ఫిల్ములు చూసుకోనిచ్చాడు, వీర్ అనే ఆట తీరును నేర్చుకోనిచ్చాడు. అందులో బంతి పట్టినవాడు దాన్ని తానే తీసుకుపోవాలో పక్కవాడికి అందించాలో ఎదుటివాడి కదలికను బట్టి ఆ క్షణంలోనే నిర్ణయించుకుంటాడు. బలం తక్కువైనా చురుకుదనం ఉంటే సరిపోతుంది. బౌడెన్ జట్టు తమ శిరస్త్రాణాల మీద మార్షల్ పేరులోని అక్షరాలను, ఒక ఆకుపచ్చని సిలువను గుర్తుగా వేసుకుని ఆడింది. ఒకే మండలంలోని రెండు సంఘాలు కన్వెన్షన్ పందిరి గుంజలు ఎరువివ్వడానికి కూడా వెనకాడే రోజులు మేము చూశాము గనుక, ఈ సంగతిని కొంచెం నిలిచి చెబుతున్నాము.

1971 సెప్టెంబరు 18న మొదటి ఆట, మోర్‌హెడ్ స్టేట్ జట్టుతో. 29-6 తేడాతో ఓడిపోయారు. వారం తరువాత 25న సొంత మైదానంలో జేవియర్ విశ్వవిద్యాలయపు జట్టుతో ఆట. ప్రమాదం తరువాత ఆ ఊళ్లో జరిగిన మొదటి ఆట అది. చూడడానికి వచ్చినవారిలో భర్తలను పోగొట్టుకున్నవారున్నారు, కొడుకులను పోగొట్టుకున్నవారున్నారు.

ముందు బ్లేక్ స్మిత్ తన్నిన బంతి గుంజల మధ్య నుంచి వెళ్లి మార్షల్‌కు 3 పాయింట్లు తెచ్చింది. తరువాత ఆధిక్యం ఇటూ అటూ మారుతూ వచ్చింది. చివరి నిమిషాల్లో జేవియర్ 13, మార్షల్ 9. మార్షల్ పిల్లలు బంతిని కొంచెం కొంచెంగా ముందుకు తోసుకుంటూ గీతకు పదమూడు గజాల దూరానికి వచ్చారు. ఇక ఒక్క ప్రయత్నానికే సమయం ఉంది. బంతి రెగ్గీ ఆలివర్ చేతిలో ఉంది. టస్కలూసా పిల్లలని చెప్పామే, ఆలివర్ ఆ ఊరివాడే. నలుగురు స్నేహితులతోపాటు అంత దూరం చదువుకు వచ్చి, మొదటి సంవత్సరం విద్యార్థి అయినందువల్ల విమానం ఎక్కక మిగిలినవాడు. అతడు ఒక పక్కకు కదిలి ఎదుటివారందరినీ తనవైపు లాగి, మీదపడబోయే సమయానికి బంతిని రెండో పక్కకు మెల్లగా విసిరాడు. టెర్రీ గార్డ్‌నర్ దాన్ని అందుకున్నాడు. ముందు ఎదుటివారిని అడ్డుకునే తనవాళ్లు, వెనుక తాను. పరుగెత్తి గీత దాటాడు. గడియారం సున్నా. మార్షల్ 15, జేవియర్ 13.

జనం మైదానంలోకి దూకారు. ఆట అయిపోయి చాలాసేపైనా ఇళ్లకు వెళ్లలేదు. కేకలు వేస్తున్నారు, ఏడుస్తున్నారు. ఎజ్రా గ్రంథం మూడో అధ్యాయంలో దేవాలయపు పునాది వేసిన దినం ఇలాగే జరిగింది. చెర నుంచి తిరిగివచ్చినవారిలో చిన్నవారు ఆనందంతో అరిచారు. పాత మందిరాన్ని కళ్లారా చూసిన ముసలివారు బిగ్గరగా ఏడ్చారు. ఏది ఏడుపో ఏది ఆనందమో వినేవారికి తెలియలేదు. ఎజ్రా ఆ ఏడ్చినవారిని గద్దించినట్టు రాయలేదు. ఊరుకోండి, పునాది పడింది కదా అని ఎవరూ అనలేదు. రెండు చప్పుళ్లూ కలిసే పైకి వెళ్లాయి. మనమైతే పెళ్లిపందిట్లో ఎవరైనా పోయినవారిని తలుచుకుని కన్నీరు పెట్టుకుంటే, శుభమా అని ఏడుపేమిటని నోరు మూయిస్తాము.

ఆ గెలుపుతో అంతా మారిపోయిందని చెబితే కథ బాగుండేది. మారలేదు. తరువాతి వారమే మయామీ అనే ఒహైయో జట్టు చేతిలో 66-6. అక్టోబరు 30న బౌలింగ్ గ్రీన్ జట్టును 12-10తో గెలిచారు, అంతే. ఆ సంవత్సరంలో ఓటమి ఎరుగని టొలీడో జట్టు 43-0తో ఓడించింది. లెంగెల్ నాలుగేళ్లు ఉన్నాడు. మొత్తం గెలుపులు 9, ఓటములు 33. డాసన్ మాట నిలబెట్టుకుని ఆ ఒక్క సంవత్సరం పనిచేసి, ఆటను పూర్తిగా విడిచి ఇళ్లు కట్టించే పనిలోకి వెళ్లిపోయాడు. మళ్లీ శిక్షకుడు కాలేదు. చిత్రమేమంటే ఆనాడు ఓడిన జేవియర్ కూడా 1973తో ఫుట్‌బాల్‌నే మానేసింది.

మార్షల్ జట్టు ఓటములకంటే గెలుపులు ఎక్కువగా చూసిన సంవత్సరం 1984లో గాని రాలేదు. తరువాత 1992లో, 1996లో తమ శ్రేణిలో జాతీయ విజేతలయ్యారు. 1999లో పెద్ద శ్రేణిలో ఆడిన పదమూడు ఆటలూ గెలిచారు. 2006లో ఈ కథను సినిమాగా తీసి లోకమంతా చూపించారు. సాక్ష్యాలు చెప్పేటప్పుడు మనకొక అలవాటుంది. పడిపోయాను, దేవుడు లేపాడు అని ఒక్క ఊపులో చెప్పేస్తాము. 1971కీ 1984కీ మధ్య పదమూడేళ్లున్నాయి. ఆ మధ్య సంవత్సరాల్లో శనివారం శనివారం ఓడిపోతూ, సోమవారం మళ్లీ సాధనకు వచ్చిన పిల్లల పేర్లు ఎవరికీ గుర్తులేవు. సినిమాలోనూ వాళ్లు లేరు. అప్పు తీరని సంవత్సరాల్లోనూ ఆదివారం తప్పక వచ్చే మన విశ్వాసులను చూస్తే మాకు ఆ పిల్లలే గుర్తుకు వస్తారు. వాళ్లను వేదిక మీదికి పిలిచి సాక్ష్యం చెప్పమని మేము ఎన్నడూ అడగలేదు. చెప్పడానికి ఏమి జరిగిందని అడగడం?

ఆ విశ్వవిద్యాలయపు ఆవరణలో 1972 నవంబరు 12న ఒక ఫౌంటెన్‌ను ప్రతిష్ఠించారు. హ్యారీ బెర్టోయా అనే శిల్పి రాగి, కంచు గొట్టాలతో చేసినది, పదమూడు అడుగుల ఎత్తు. ప్రతి సంవత్సరం నవంబరు 14న విద్యార్థులు, కుటుంబాలవారు, ముసలివారైన పాత ఆటగాళ్లు దాని చుట్టూ చేరుతారు. మనవారు సమాధుల పండుగనాడు సున్నం కొట్టి పూలు పెట్టి కొవ్వొత్తులు వెలిగించినట్టే, వారు పూలచక్రం ఉంచుతారు. పోయినవారి పేర్లు చదువుతారు. తరువాత నీటిని ఆపేస్తారు. నీళ్ల చప్పుడు ఆగగానే అంతమంది మధ్య నిశ్శబ్దం. చలికాలమంతా అది ఎండిపోయి ఉంటుంది. 1971 నాటికి పుట్టని పిల్లలు, వారి పిల్లలు కూడా ఇప్పుడు అక్కడ నిలబడుతున్నారు. 2020లో యాభై ఏళ్లు నిండినప్పుడు, ఆ విమానంలో పోయిన విద్యార్థులకు పట్టాలు ప్రకటించి కుటుంబాలకు అందజేశారు.

నేట్ రఫిన్ 1971 జట్టుకు నాయకుడై ఆడాడు. తరువాతి కాలంలో అదే విశ్వవిద్యాలయంలో ఉద్యోగం చేశాడు. 2001లో రక్తపు కాన్సరుతో కన్నుమూశాడు. స్ప్రింగ్ హిల్ మీద, పేరు తెలియని ఆ ఆరుగురు స్నేహితుల దగ్గరే అతణ్ణి భూస్థాపన చేశారు.

వసంతకాలం వచ్చాక ఫౌంటెన్‌లో మళ్లీ నీళ్లు వదులుతారు. ఆ వసంతంలోనే కొత్త పిల్లలు మైదానంలో సాధన మొదలుపెడతారు.